నల్లమలకు విత్తన బంతులు తీసుకెళ్ళాలా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది. హైదరాబాదులో ఒకే అపార్ట్‌మెంటులో ఉండే ఆరు కుటుంబాలు, పిల్లలతో కలిపి ఇరవై రెండు మంది, మే నెలలో రెండు రోజులు నల్లమలకు వెళ్ళాలనుకుంటున్నారు. పులిని చూడాలని, ఒక రాత్రి అడవిలో గుడారాలు వేసుకుని మంట చుట్టూ కూర్చోవాలని ఉంది. ఊరికే చూసి రావడమేనా, అడవికి మనవంతుగా ఏదైనా చేయాలి కదా అని పిల్లలతో రెండు వేల విత్తన బంతులు, అంటే లోపల విత్తనాలు పెట్టిన మట్టి ఉండలు, కూడా చేయించారు. ఏయే చోట్లు చూడాలి, ఆ బంతులు ఎక్కడ చల్లాలి అని అడిగారు.

సూటిగా చెబుతాను. విత్తన బంతులు తీసుకెళ్ళకండి. మే నెలలో వెళ్ళకండి. అడవిలో మంట అసలే వేయకండి. మీ ఉత్సాహాన్ని తగ్గించాలని కాదు. పిల్లల చేత అంత ఓపికగా మట్టి పిసికించిన తల్లిదండ్రులు మీరు, మీకు కారణాలు వివరంగా చెప్పాలి. నేను మార్కాపురం వైపు వాణ్ణి. వృక్షశాస్త్రం బోధించి పదవీ విరమణ చేశాను. ముప్పై ఏళ్ళకు పైగా అటవీ శాఖ అనుమతులతో, ఎక్కువసార్లు చెంచుల తోడుతో ఈ అడవిలో తిరిగాను. నాకు ఈ అడవంటే ప్రాణం. అందుకే కాస్త పొడుగ్గా రాస్తున్నాను, ఓపిక పట్టండి.

ముందు బంతుల సంగతి. మీరు వాడిన విత్తనాలు వేప, చింత, గుల్‌మొహర్, సుబాబుల్ అని రాశారు. గుల్‌మొహర్ మడగాస్కర్ దీవి చెట్టు. సుబాబుల్ మధ్య అమెరికా నుంచి వచ్చింది. ఒకచోట పాతుకుందంటే గుంపుగా లేచి మిగతా మొక్కలకు చోటివ్వదు. వేప, చింత మనకు అలవాటైన చెట్లే, ఊళ్ళో వాటిని మించినవి లేవు. కానీ నల్లమల నడిబొడ్డున ఉండాల్సినవి నల్లమద్ది, చిరుమాను, ఏగి, బండారు, నారవేప, తపసి, ఇప్ప, తునికి, మొర్రి. అవి అక్కడ ఉన్నాయి. వాటిని ఎవరూ నాటలేదు.

మరి ఎవరు నాటారు? ఎలుగుబంటి రేలకాయలు, తునికిపళ్ళు తిని మైళ్ళ దూరం పోయి విసర్జిస్తుంది. ఆ పేడలోంచి తొలకరికి మొలకలు వస్తాయి. దుప్పి ఉసిరికాయలు మింగి, తీరిగ్గా నెమరు వేసుకుంటూ గింజలను బయటికి ఉమ్మేస్తుంది. దుప్పులు పడుకునే నీడల్లో ఉసిరి గింజలు కుప్పగా కనిపించేది అందుకే. పునుగుపిల్లి, పికిలిపిట్ట, కొండముచ్చు ఇవన్నీ ఆ పనిలో ఉన్నవే. అడవికి విత్తనాల కొరత లేదు. మొలిచిన మొక్క నాలుగు వేసవులు బతికి బట్టకట్టడమే అక్కడ కష్టం.

ఇక్కడ మీరు తప్పక తెలుసుకోవాల్సిన విషయం ఒకటుంది. నల్లమల ఆకురాల్చే ఎండు అడవి. ఇలాంటి చోట టేకు, మద్ది, తునికి మొలకలు వర్షాకాలంలో జానెడు పెరిగి, వేసవిలో పైభాగమంతా ఎండిపోతాయి. వేరు మాత్రం చావదు. మళ్ళీ వానకు చిగురిస్తుంది, మళ్ళీ ఎండుతుంది. ఇలా ఏళ్ళ తరబడి వేరు లావెక్కుతూ ఉంటుంది. తగినంత బలం కూడిన ఏడాది ఒక్కసారిగా నిటారుగా లేస్తుంది. మీ మోకాలంత ఎత్తున్న మొక్క మీ పిల్లలకంటే వయసులో పెద్దది కావచ్చు. విత్తన బంతులు చల్లడానికి ఇరవై రెండు మంది దారి దిగి లోపల నడిస్తే కాళ్ళ కింద నలిగేవి అవే.

పాత అడవి అంటే పెద్ద పెద్ద చెట్లున్న చోటు అని చాలామంది అనుకుంటారు. నేనూ మొదట్లో అలాగే అనుకున్నాను. ముసలి చెట్లు, వాటి తొర్రలు, ఎండి నిలబడ్డ మోళ్ళు, కూలిన మానులు, వాటిని తినే చెదలు, చెదల్ని తినే జంతువులు అన్నీ కలిస్తేనే పాత అడవి. ఒక ఉదాహరణ చెబుతాను. నంద్యాల, గిద్దలూరుల మధ్య అడవిలో ఒక సాలీడు ఉంది. అరచేతిలో పట్టేంత పెద్దది, నెమలి మెడలాంటి నీలం రంగు, కాళ్ళ మీద పసుపు మచ్చలు. శాస్త్రీయ నామం పొయిసిలోథీరియా మెటాలికా. ప్రపంచంలో ఇంకెక్కడా సహజంగా దొరకదు. దీన్ని మొదట 1899లో గుత్తిలో, రైల్వే కలప నిల్వచేసే చోట కనుగొన్నారు. ఆ తర్వాత నూరేళ్ళపాటు ఎవరికీ కనిపించలేదు. గుత్తి చుట్టుపక్కల వెతికితే ఏముంటుంది? అది కలపతోపాటు రైలెక్కి వచ్చి ఉంటుందని తర్వాత అర్థమైంది. 2001లో నల్లమలలో మళ్ళీ దొరికింది. అది బతికేది ముసలి చెట్ల తొర్రల్లో. ఆ తొర్ర ఏర్పడాలంటే ఒక కొమ్మ విరగాలి, ఆ గాయంలోకి బూజు చేరాలి, చెద చేరాలి, దశాబ్దాలు గడవాలి. ఇవాళ కోటి మొక్కలు నాటినా ఆ సాలీడుకు ఒక్క ఇల్లు కట్టివ్వలేం. ఉన్న ముసలి చెట్టును నిలబెట్టుకోవడం ఒక్కటే మన చేతిలో ఉంది. అన్నట్టు, ఆ సాలీడును పెంపుడు జీవిగా అమ్ముకునేవాళ్ళు ప్రపంచమంతా ఉన్నారు. మీకు అదృష్టవశాత్తు కనిపించినా ఫోటోతోపాటు చోటు వివరాలు ఎక్కడా పెట్టకండి.

ఇది నేను పుస్తకాల్లో కంటే ఒక తప్పు వల్ల ఎక్కువ నేర్చుకున్నాను. ఇరవై ఏళ్ళ కిందట బైర్లూటి వైపు విద్యార్థులను తీసుకెళ్ళాను. శ్రమదానం పేరుతో దారి పక్కన పడి ఉన్న ఎండు కొమ్మలు ఏరించి, ఒక పుచ్చిన మానును పక్కకు దొర్లించి, చోటంతా శుభ్రం చేయించాను. పిల్లలు చెమటలు కక్కుతూ చేశారు. మాకు తోడు వచ్చిన చెంచు పెద్దాయన చూస్తూ ఊరుకున్నాడు. భోజనాలయ్యాక నన్ను ఒక్కణ్ణే పిలిచి, మాను ఉన్న చోట నేల చూపించాడు. ఎండాకాలంలోనూ ఆరని తడిమట్టి, తెల్లని బూజు దారాలు, జెర్రులు, నలికిరి గుడ్లు, వేల చెదపురుగులు. అప్పటికే ఎండ తగిలి అన్నీ చెదిరిపోతున్నాయి. రోజూ రాత్రి ఎలుగుబంటి వచ్చి ఇక్కడే చెదలు తిని పోతుంది, ఈ రాత్రి వచ్చి ఏం తినాలి అయ్యవారూ, అని అడిగాడు. నా దగ్గర జవాబు లేదు. మానును మళ్ళీ అక్కడికే దొర్లించాం, కానీ ఆ తేమ తిరిగి రాలేదు. ఆ తర్వాత నేను ఏ విద్యార్థి చేతా అడవిని శుభ్రం చేయించలేదు. ప్లాస్టిక్ ఏరండి. ఎండు పుల్ల ముట్టుకోవద్దు.

ఇక కాలం. మే నెలలో నల్లమలలో ఎండ నలభై డిగ్రీలు దాటుతుంది. వాగులు ఎండి, జంతువులు మిగిలిన చెలమల చుట్టూ, అటవీ శాఖ నీళ్ళు పోసే తొట్ల చుట్టూ బతుకుతాయి. అప్పుడైతే జంతువులు సులభంగా కనిపిస్తాయని కొందరు మీకు చెబుతారు. కనిపించేది నిజమే. కానీ అది దాహంతో వచ్చిన జంతువు. జనం అలికిడికి నీళ్ళు తాగకుండా వెనక్కి తిరిగిన కణితిని (సాంబార్ జింకను) నేను చూశాను. అంత ఎండలో మళ్ళీ చల్లబడేదాకా ఆగాలి అది. జూలై నుంచి సెప్టెంబరు చివరిదాకా పులుల అభయారణ్యాల్లో సందర్శన మూసి ఉంటుంది. కాబట్టి నవంబరు, డిసెంబరు, జనవరి మంచివి. వాగుల్లో నీళ్ళుంటాయి, గడ్డి నిలువెత్తున ఉంటుంది, పొద్దున మంచు పట్టి ఉంటుంది. జంతువులు తక్కువ కనిపిస్తాయి, అడవి ఎక్కువ కనిపిస్తుంది. ఫిబ్రవరి చివర కూడా నాకు ఇష్టమే. ఆకులు రాలి, మోదుగలు ఎర్రగా, కొండగోగులు పసుపుపచ్చగా పూసి, కొండలన్నీ బోసిగా బయటపడతాయి. అయితే అది అగ్గి కాలం మొదలయ్యే వేళ.

ఇరవై రెండు మంది ఒకేసారి వద్దు. రెండు జట్లుగా రండి. అడవిలో పది మంది దాటితే మాట ఆగదు, మాట ఆగకపోతే చెవులకు ఏమీ అందదు.

ఎక్కడికి అంటారా? నల్లమల చాలా పెద్దది. కృష్ణకూ పెన్నకూ మధ్య కొండల వరుస, కృష్ణకు ఉత్తరాన అమ్రాబాద్ పీఠభూమి. ఇందులో చాలా భాగాన్ని 1978లో అభయారణ్యంగా ప్రకటించారు, 1983లో ప్రాజెక్ట్ టైగర్ కిందికి తెచ్చారు. రాష్ట్రం విడిపోయాక తెలంగాణ వైపు భాగం అమ్రాబాద్ పులుల అభయారణ్యం అయింది. ఆంధ్రప్రదేశ్ వైపున్న నాగార్జునసాగర్–శ్రీశైలం అభయారణ్యం ఒక్కటే మూడు వేల చదరపు కిలోమీటర్లకు పైబడినది, దేశంలోని పులుల అభయారణ్యాల్లో విస్తీర్ణంలో అన్నిటికన్నా పెద్దది. రెండు రోజుల్లో ఇదంతా తిరగాలనుకుంటే రోడ్డు తప్ప మరేదీ చూడరు. శ్రీశైలం దర్శనం, ఆనకట్ట, అక్కమహాదేవి గుహలు, మల్లెలతీర్థం, ఉమామహేశ్వరం అన్నీ ఒకే ప్రయాణంలో కలిపే జాబితాలు చాలా తిరుగుతున్నాయి. వాటిని పక్కన పెట్టండి.

మీరు హైదరాబాదు నుంచి కాబట్టి శ్రీశైలం దారిలో ఉన్న మన్ననూరు వైపు చాలు. మొదటి రోజు మన్ననూరు చేరి, అటవీ శాఖ నడిపే సఫారీలో ఫర్హాబాద్ వైపు వెళ్ళండి. నిజాం కాలంలో అక్కడ వేట విడిది ఉండేది. లోయ అంచున నిలబడితే కింద కనుచూపు మేర అడవి తప్ప మరొకటి కనిపించదు. తెలుగు నేల మీద అలాంటి చూపు దొరికే చోట్లు తక్కువ. రెండో రోజు పొద్దున్నే మల్లెలతీర్థం. వటువర్లపల్లి దగ్గర రోడ్డు నుంచి లోపలికి వెళ్ళి, మెట్లు దిగితే లోయలో జలపాతం. డిసెంబరులో కూడా నీళ్ళు పడుతుంటాయి, వేసవిలో పడవు. అంతే. మూడో చోటు వద్దు. మిగిలిన సమయమంతా ఉన్నచోటే ఉండండి. సలేశ్వరం గురించి కూడా అడిగారు. అది చైత్ర పౌర్ణమి రోజుల్లో జాతరకు మాత్రమే తెరిచే దారి. ఆ నాలుగైదు రోజుల్లో వేల మంది ఇరుకు లోయలో దిగుతారు. పిల్లలతో వద్దనే నా సలహా.

సఫారీ వేళలు, గదుల బుకింగు, రుసుములు తరచూ మారుతుంటాయి. నేనిచ్చే అంకెలు నమ్ముకోకుండా బయలుదేరే ముందు అటవీ శాఖ కార్యాలయానికే ఫోను చేయండి. గుడారం కోరిక ఉంటే శాఖ వారే నడిపే విడిదిలో, వారు చూపిన చోటే. ఆంధ్ర వైపు బైర్లూటిలో అలాంటి ఏర్పాటు ఉంది. మీ అంతట మీరు అడవిలో దిగి గుడారం వేయడం 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం. డ్రోను ఎగరేయడమూ అంతే. దారి చూపిస్తామని రోడ్డు మీద కలిసేవారి వెంట వెళ్ళకండి.

ఉన్నచోటే ఉండి ఏం చేయాలి? ఒక చెట్టు దగ్గర ఆగండి. మీకు మొదట గుర్తుపట్టడం సులభమైనది నల్లమద్ది. బెరడు మొసలి వీపులా గళ్ళుగళ్ళుగా పగిలి ఉంటుంది, ఒకసారి చూస్తే మరచిపోలేరు. ఈ చెట్టు తన బోదెలో నీటిని దాచుకుంటుంది. 2024 మార్చిలో పాపికొండల అడవిలో అటవీ సిబ్బంది ఒక నల్లమద్ది బోదెకు గాటు పెడితే కుళాయి విప్పినట్టు నీళ్ళు చిమ్మిన దృశ్యం మీరూ ఫోనులో చూసే ఉంటారు. అక్కడి కొండరెడ్డి గిరిజనులకు ఆ సంగతి ముందునుంచే తెలుసు. దయచేసి మీ పిల్లలకు చూపించడానికి ఏ చెట్టుకూ గాటు పెట్టకండి. గాయం నుంచే బూజు లోపలికి పోతుంది.

తర్వాత తపసి చెట్టు. రాళ్ళ సందుల్లో, ఇంకేమీ పెరగని చోట తెల్లగా, నున్నగా నిలబడి ఉంటుంది. వెన్నెల్లో చూస్తే వెంట్రుకలు నిక్కబొడుచుకుంటాయి. దాని బంక మందుల తయారీకి, ఆహార పరిశ్రమకు పోతుంది. చెంచులకు ముఖ్యమైన ఆదాయం. లోతుగా, అడ్డదిడ్డంగా గాట్లు పెట్టడం వల్ల ఎన్నో తపసి చెట్లు చచ్చిపోయాయి. చిన్న గాటు పెట్టి, మానేదాకా ఆగి, మళ్ళీ మరోచోట పెట్టేవాళ్ళ చేతుల్లో అదే చెట్టు తరాలపాటు బతుకుతుంది. బెరడు మీద పాత గాట్లు మాని ఉన్నాయో, కుళ్ళి ఉన్నాయో చూస్తే ఆ ప్రాంతంలో ఎలాంటి చేతులు పనిచేశాయో తెలిసిపోతుంది. నేలమీది చిన్న మొక్కలను కూడా వదలకండి. మన నేలవేముకు దగ్గరి చుట్టమైన ఒక మొక్కకు శాస్త్రవేత్తలు ఈ కొండల పేరే పెట్టారు, ఆండ్రోగ్రాఫిస్ నల్లమలయానా అని.

పులి కనిపిస్తుందా అని మీ అమ్మాయి అడిగిందన్నారు. 2022 జాతీయ గణనలో ఆంధ్రప్రదేశ్ మొత్తానికి 63 పులులు ఉన్నాయని తేలింది. 2018లో అవి 48. ఈ పెరుగుదల వెనుక రాత్రింబవళ్ళు అడవిలో ఉండి కాపలా కాసే బేస్ క్యాంపు సిబ్బంది కష్టం ఉంది, వారిలో చాలామంది చెంచులే. అయినా ఇంత అడవిలో రెండు గంటల సఫారీకి పులి కనిపించడం అరుదు. పాపకు అడుగుజాడలు వెతకమని చెప్పండి. దుమ్ములో గోళ్ళ గుర్తు లేకుండా గుండ్రంగా పడ్డ పాదం పులిదో చిరుతదో అవుతుంది, పరిమాణం చూసి సిబ్బంది చెబుతారు. గోళ్ళు పొడుగ్గా గీసుకుపోయి ఉంటే ఎలుగుబంటి. చెవులకు కూడా పని చెప్పండి. ఎక్కడో దుప్పి ఒక్కసారి పదునుగా కూసి, వెంటనే కొండముచ్చు ఖంగుమని దగ్గినట్టు అరిచిందంటే, ఆ దిక్కున ఏదో కదులుతోంది. జీపు ఆపించి ఐదు నిమిషాలు ఊపిరి బిగబట్టి కూర్చోండి. పులి బయటికి రాకపోయినా, అడవంతా ఒకే వైపు చెవులు రిక్కించిన ఆ ఐదు నిమిషాలు మీ అమ్మాయికి జీవితాంతం గుర్తుంటాయి.

దారి మీద జాగ్రత్తలు. మన్ననూరు మీదుగా శ్రీశైలం వెళ్ళే దారిలోనూ, దోర్నాల ఘాట్ దారిలోనూ రాత్రి తొమ్మిది నుంచి తెల్లవారి ఆరు దాకా వాహనాలు వదలరు. ఆ వేళలు జంతువులవి. తొమ్మిదికి ఐదు నిమిషాల ముందు గేటు దాటి వేగంగా పోదామనే ఆలోచన పెట్టుకోకండి. చీకటి మలుపులో కారు దీపాల వెలుగు కళ్ళలో పడితే దుప్పి పరుగెత్తదు, నిలబడిపోతుంది.

కోతులకు అరటిపండు, బిస్కెట్టు, పల్లీలు, ఏదీ వేయవద్దు. నాకు దీని మీద కోపం రాకుండా ఉండదు. దయతో వేస్తున్నామనే అనుకుంటారు అందరూ. ఆ దయవల్ల కోతులు అడవిలో మేత వెతకడం మానేసి తారురోడ్డు మీద కూర్చుంటున్నాయి. తల్లి పొట్టను కరుచుకుని ఉన్న పిల్లతో సహా చక్రాల కింద పడిన కోతులను నేను ఎన్నోసార్లు రోడ్డు పక్కకు లాగాను. పైగా అవి రోడ్డు మీద ఉన్నంతసేపూ అడవిలో పళ్ళు తిని గింజలు చల్లే పని ఆగిపోతుంది. మీరు చల్లాలనుకున్న విత్తనాలను చల్లేది అవే కదా!

మంట గురించి. నల్లమలలో అగ్గి దానంతట అది పుట్టడం బహు అరుదు. ఇప్పపూలు ఏరడానికి చెట్టు కింద ఆకులు కాల్చేవారు, తునికాకు బాగా చిగురించాలని, గడ్డి మొలవాలని నిప్పు పెట్టేవారు, సిగరెట్టు పారేసేవారు, వంట చేసుకుని ఆర్పకుండా పోయే యాత్రికులు, వీరందరి వల్లా పుడుతుంది. ఇక్కడి మంట చెట్ల కొనలకు ఎక్కదు, నేల మీద పాకుతుంది. పెద్ద చెట్లు పైకి పచ్చగానే ఉంటాయి కాబట్టి ఏమీ కాలేదనిపిస్తుంది. కాలేది ఏళ్ళుగా వేరు కూడబెట్టుకున్న ఆ చిన్న మొక్కలు, నేల మీద గుడ్లు పెట్టే పక్షులు, తాబేళ్ళు, కూలిన మానులు. కాలిన చోట మొదట లేచేది లాంటానా. అది తోటల కోసం మన దేశానికి తెచ్చిన మొక్క. ఒకసారి అల్లుకుంటే గడ్డిని చంపుతుంది. గడ్డి పోతే దుప్పి పోతుంది, దుప్పి పోతే పులి పొలాల వైపు చూస్తుంది. అందుకే మీ వనభోజనానికి ఇంటినుంచి వండుకున్న పులిహోర, దద్దోజనం తెచ్చుకోండి. అమ్రాబాద్‌లో ప్లాస్టిక్ మీద నిషేధం ఉంది కాబట్టి స్టీలు డబ్బాలు, స్టీలు సీసాలు.

చెంచుల గురించి ఒక మాట చెప్పకపోతే ఈ సమాధానానికి అర్థం లేదు. వారు మన భాషే మాట్లాడతారు. అహోబిలం నరసింహస్వామి వారి అల్లుడు, చెంచులక్ష్మి వారి ఆడపడుచు. శ్రీశైలం మల్లన్న వారికి చెంచు మల్లయ్య. వారి పెంటలకు, అంటే గూడేలకు, వెళ్ళి ఇళ్ళ ముందు పిల్లలను నిలబెట్టి ఫోటోలు తీయడం, చాక్లెట్లు పంచడం చేయకండి. ఎవరైనా చెంచు మార్గదర్శి మీతో వస్తే ఆయన పేరు అడగండి, మీ పేరు చెప్పండి, చెట్ల పేర్లు అడగండి, రుసుము ఎంతో ముందే మాట్లాడుకుని పూర్తిగా ఇవ్వండి. కొండ అంచు నుంచి తాడు మీద దిగి తేనె తీసేటప్పుడు పైన తాడు పట్టుకునేది బావమరిదే అని చెబుతారు. తన అక్కచెల్లెళ్ళ పసుపుకుంకాలు ఆ తాడు మీదే ఉంటాయి కాబట్టి వదలడు. ఆ తేనె కొనాలనుకుంటే రోడ్డు పక్క సీసాలకంటే గిరిజన సహకార సంస్థ దుకాణంలో కొనండి.

వాళ్ళకు తెలిసినది మనకు తెలియకపోవడం వల్ల ఎంత పోగొట్టుకుంటామో కలివికోడి కథ చెబుతుంది. 1900 తర్వాత ఎవరికీ కనిపించక, అంతరించిందనుకున్న ఆ పక్షి 1986లో, నల్లమలకు దక్షిణాన కడప జిల్లా పొదల్లో మళ్ళీ దొరికింది. దాన్ని పట్టి చూపించింది ఒక స్థానిక వేటగాడు. పండితులు లేదనుకున్నన్నాళ్ళూ ఆ ఊరివాళ్ళకు అది మామూలు పిట్ట. దాని కోసమే తర్వాత లంకమల అభయారణ్యం ఏర్పడింది.

అడవికి నిజంగా ఏదైనా చేయాలని ఉందన్నారు. అది హైదరాబాదులో కూర్చునే చేయవచ్చు. 2019లో అమ్రాబాద్ అభయారణ్యంలో 83 చదరపు కిలోమీటర్లలో యురేనియం అన్వేషణకు కేంద్ర అటవీ సలహా సంఘం సూత్రప్రాయంగా ఒప్పుకుంది. వేల బోర్లు వేస్తారని తెలిసి పెంటల్లోని చెంచుల నుంచి నగరంలోని విద్యార్థుల దాకా కదిలారు. ఆ సెప్టెంబరులో తెలంగాణ శాసనసభ యురేనియం తవ్వకాలు వద్దని తీర్మానం చేసింది. అడవిని ఎన్నడూ చూడనివాళ్ళు కూడా ఉత్తరాలు రాశారు, సంతకాలు చేశారు. చూసి వచ్చిన మీరు ఇంకా గట్టిగా రాయగలరు. రోడ్డు వెడల్పు, కాలువ, గని, ఏ ప్రతిపాదన వచ్చినా ప్రజాభిప్రాయం అడిగే గడువు ఒకటి ఉంటుంది. ఆ గడువులోపల, ఏ వాగు, ఏ మలుపు, ఏ జంతువు దాటే చోటు అని స్పష్టంగా రాసిన ఒక్క పేజీకి చాలా విలువ ఉంది. అలాగే భారత అటవీ సర్వే సంస్థ ఉపగ్రహాల ద్వారా గుర్తించిన అగ్గి సమాచారాన్ని నమోదు చేసుకున్నవారి ఫోనుకు పంపుతుంది. నమోదు చేసుకోండి. ఫిబ్రవరి నుంచి మే దాకా మీకు సందేశాలు వస్తూనే ఉంటాయి. నల్లమల ఎన్నిచోట్ల కాలుతుందో అప్పుడు తెలుస్తుంది. కొందరైనా ఆ నెలల్లో అటవీ శాఖ పిలిచినప్పుడు స్వచ్ఛందంగా వెళ్ళి ఆకులు ఊడ్చి, మంట పాకకుండా అగ్గి గీతలు వేసే పనిలో సాయపడితే, రెండు వేల విత్తన బంతులకంటే ఎక్కువ మొక్కలు బతుకుతాయి.

చివరికి ఆ రెండు వేల బంతులు. పిల్లలు చేసినవి, పారేయమని చెప్పలేను. సుబాబుల్, గుల్‌మొహర్ ఉన్నవాటిని వేరు చేసి నీళ్ళలో నానబెట్టి, విత్తనాలు తీసేసి మట్టిని మీ కుండీల్లో వేయండి. ఏది ఏదో గుర్తు లేకపోతే అన్నీ నానబెట్టండి, పిల్లలే గింజలు చూసి ఏరతారు, అదీ ఒక పాఠమే. వేప, చింత గింజలను జూలైలో రెండు మంచి వానలు పడ్డాక, మీ కాలనీకి దగ్గర్లో చెరువుగట్టు ఏదైనా ఉంటే అక్కడివారి అనుమతితో పెట్టండి. చల్లి వదిలేయకుండా గుంట తీసి పెట్టి, వచ్చే వేసవి అంతా వంతులవారీగా నీళ్ళు పోయండి. నాలుగైదు బతికినా చాలు. వాటికి నీళ్ళు పోస్తున్నన్నాళ్ళూ, డిసెంబరు ప్రయాణానికి ముందు, ప్రతి ఆదివారం మీ వీధిలో ఒక చెట్టు పేరు నేర్చుకోండి. నల్లమలకు వచ్చేసరికి మీ అమ్మాయికి ముప్పై చెట్లు తెలిసి ఉంటే, మన్ననూరు గేటు దాటిన దగ్గర్నుంచి ఆమే మీకు చూపిస్తుంది.